ఒకే భూమిపై మూడు దావాలు: అన్నింటినీ కలిపి విచారించమని కోర్టును కోరవచ్చునా?

పెన్నగట్టు, అనంతపురం

న్యాయ విషయాలు తెలిసిన పెద్దలందరికీ నమస్కారం. మా అమ్మ తరఫున ఈ ప్రశ్న అడుగుతున్నాను. గుత్తి వైపు ఒక గ్రామంలో మా తాతగారికి పిత్రార్జితంగా వచ్చిన పదకొండు ఎకరాల భూమి ఉంది. తాత 1994లో కాలం చేశారు. ఆయనకు ఇద్దరు కొడుకులు, ఇద్దరు కూతుళ్లు. అమ్మ అందరిలోకీ చిన్నది, ఆమె పెళ్లి 1982లో జరిగింది. 1998లో పెద్దమనుషుల ఎదుట అన్నదమ్ములిద్దరమూ భూమిని పంచుకున్నామని పెద్దమామ అంటున్నారు. రిజిస్టరు దస్తావేజు ఏదీ లేదు. తెల్లకాగితం మీద రాసుకున్న పారీఖత్తు (పంపకపు కాగితం) ఒకటి ఉందని చెబుతారే గాని దాన్ని ఇంతవరకు బయటపెట్టలేదు.

ఆ పంపకం పేరు చెప్పి పెద్దమామ మూడున్నర ఎకరాలు ఒకరికి రిజిస్టరు చేసి అమ్మారు. కొన్నవారు బోరు వేయించి చీనీ (బత్తాయి) మొక్కలు పెట్టారు. మరో రెండెకరాలకు ఇంకొకరితో అగ్రిమెంటు రాసి బయానా తీసుకున్నారు. మేము ప్రశ్నించగానే చీనీతోట వారు అమ్మ మీద, పెద్దమ్మ మీద, చిన్నమామ మీద జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో శాశ్వత ఇంజంక్షన్ (భూమి జోలికి రాకుండా నిషేధ ఉత్తర్వు) కోరుతూ దావా వేశారు. ఆ తరువాత అమ్మ సీనియర్ సివిల్ జడ్జి కోర్టులో భాగపంపిణీ దావా వేసింది. అగ్రిమెంటు పొందిన వ్యక్తి పెద్దమామ ఒక్కరినే ప్రతివాదిగా చూపి, తనకు రిజిస్టరు చేయించాలని అదే సీనియర్ కోర్టులో మూడో దావా వేశారు. ఇవి కాక పట్టాదారు పాసు పుస్తకంలో పేరు మార్పు మీద ఆర్డీవో వద్ద అప్పీలు నడుస్తోంది.

మూడు దావాల్లోనూ సాక్షులు దాదాపు ఆ ఊరి వారే. పంపకం నాడు అక్కడ ఉన్నారని చెప్పే పెద్దమనిషికి ఎనభై ఏళ్లు దాటాయి, ఆయనను మూడుసార్లు బోను ఎక్కించడం ఎవరికీ న్యాయం కాదు. వీటన్నింటినీ ఒకేచోట, ఒకే న్యాయమూర్తి ఎదుట విచారించమని కోరవచ్చునా? ఎదుటివారు ఒప్పుకోకపోతే కుదరదని ఒకరు, సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 10 కింద ఒక దావాను ఆపించమని మరొకరు చెబుతున్నారు. కలిపితే అమ్మ వాటా సంగతి మిగిలిన గొడవల్లో వెనుకబడుతుందేమోనన్నది నా భయం.

కొండారెడ్డి బురుజు, కర్నూలు

మూడు దావాల పేర్లు వేరైనా, మూడింటికీ అడుగున ఉన్న ప్రశ్న ఒక్కటే: 1998లో పంపకం నిజంగా జరిగిందా, జరిగితే అది మీ అమ్మగారిని కట్టడి చేస్తుందా? జరిగిందని తేలితే చీనీతోట వారి కొనుగోలు, అగ్రిమెంటు రెండూ నిలబడతాయి, భాగపంపిణీ దావా బలహీనపడుతుంది. జరగలేదని తేలితే మీ పెద్దమామ అమ్మగలిగింది తన అవిభక్త వాటా మేరకే. ఈ ఒక్క ప్రశ్నకు రెండు కోర్టులు రెండు జవాబులు చెప్పే ప్రమాదం ఉన్నప్పుడు దావాలను కలిపి విచారించమని కోరడం సబబే కాదు, అవసరం కూడా.

మీ అమ్మగారి హక్కు సంగతి ముందు చెబుతాను, ఎందుకంటే కలపమని అడిగే పిటిషన్‌కు బలం అక్కడినుంచే వస్తుంది. మన రాష్ట్రంలో 1985 సెప్టెంబరు 5 నుంచే కూతుళ్లకు ఉమ్మడి ఆస్తిలో హక్కు ఇచ్చినా, అప్పటికే పెళ్లయినవారిని మినహాయించారు. కాబట్టి 1982లో పెళ్లయిన మీ అమ్మగారికి ఆధారం 2005 సెప్టెంబరు 9 నుంచి అమలైన కేంద్ర సవరణ చట్టమే. ఆ తేదీకి తండ్రి జీవించి ఉండనవసరం లేదని, కూతురి హక్కు పుట్టుకతోనే వస్తుందని 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది. 2004 డిసెంబరు 20కి ముందు రిజిస్టరు దస్తావేజుతోగాని కోర్టు డిక్రీతోగాని పూర్తయిన పంపకాలను ఆ చట్టం కదపదు. నోటిమాట పంపకాన్ని మాత్రం మామూలుగా ఒప్పుకోకూడదని, ప్రభుత్వ పత్రాల వంటి గట్టి ఆధారం ఉన్న అరుదైన సందర్భాల్లోనే దాన్ని నమ్మవచ్చునని అదే తీర్పు చెప్పింది. అంటే 1998 తరువాతి అడంగళ్లు (సాగు, అనుభవం రాసే రెవెన్యూ లెక్కలు), 1బీ (పట్టాదారు ఖాతా) నకళ్లు, శిస్తు రసీదులు మూడు దావాల్లోనూ కీలకమైన సాక్ష్యం అవుతాయి. అవే కాగితాలను మూడుచోట్ల వేర్వేరుగా మార్కు చేయించి, వాటి మీద ఎదుటి వకీలు వేసే అవే క్రాస్ ప్రశ్నలు మూడుసార్లు అడిగించడం కంటే వ్యర్థమైన పని లేదు.

ఇక అధికారం మాట. మనకు వర్తించే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో దావాలను కలపడానికి ప్రత్యేకమైన నిబంధన లేదు. ఉత్తరప్రదేశ్ 1976లో తన రాష్ట్రానికి ఆర్డర్ 4ఏ అని ఒకటి చేర్చుకుంది, మనం చేర్చుకోలేదు. అయినా సెక్షన్ 151 కింద కోర్టుకు ఉన్న సహజాధికారంతో ఆ పని చేయవచ్చునని సుప్రీంకోర్టు 2004లో చిట్టివలస జూట్ మిల్స్ కేసులోను, 2007లో ప్రేమ్ లాలా నహతా కేసులోను స్పష్టంగా చెప్పింది. దావాల్లో ఉమ్మడి ప్రశ్న ఉందా, కలిపితే ఖర్చు, కాలం, శ్రమ ఆదా అవుతాయా అని కోర్టు చూస్తుంది. ఎదుటివారి అంగీకారం ఉంటే మంచిదే, కాని అది షరతు కాదు.

మీ విషయంలో రెండు దావాలు ఒక కోర్టులో, ఒకటి మరో కోర్టులో ఉన్నాయి కనుక రెండు అడుగులు వేయాలి. ముందుగా జూనియర్ కోర్టులోని ఇంజంక్షన్ దావాను సీనియర్ కోర్టుకు మార్చమని సెక్షన్ 24 కింద ప్రిన్సిపల్ జిల్లా జడ్జి ఎదుట ట్రాన్స్‌ఫర్ ఓ.పీ. (దావా మార్పు పిటిషన్) వేయాలి. అది అక్కడికి చేరిన తరువాత కలిపి విచారించమని సెక్షన్ 151 కింద ఐ.ఏ. (మధ్యంతర దరఖాస్తు) వేయాలి. జడ్జి మీద మీకు ఏ ఫిర్యాదూ లేదని, ఉమ్మడి ప్రశ్న ఉన్నందువల్లే మార్పు కోరుతున్నారని అఫిడవిట్‌లో తప్పక రాయించండి.

సెక్షన్ 10 సలహా మీకు పనికిరాదని నా అభిప్రాయం. ఆ సెక్షన్ తరువాత వేసిన దావా విచారణను ఆపుతుంది. మీ కథలో తరువాత వేసింది మీ అమ్మగారే. పైగా ఇంజంక్షన్ దావాలో ముఖ్యంగా చూసేది స్వాధీనం. టైటిల్ (యాజమాన్య హక్కు) మీద చిక్కు ప్రశ్నలు ఉన్నప్పుడు ఉత్త ఇంజంక్షన్ దావా సరిపోదని 2008లో అనతుల సుధాకర్ కేసులో సుప్రీంకోర్టు వివరించింది. అలాంటి చిన్న దావా కోసం అసలు హక్కును తేల్చే పెద్ద దావా ఆగిపోవడం మీకు నష్టం.

ఆర్డీవో వద్ద ఉన్న అప్పీలును మాత్రం వీటితో కలపడం కుదరదు, అది రెవెన్యూ చట్టం కింద నడిచే వేరే వ్యవహారం. పాసు పుస్తకాల చట్టం సెక్షన్ 8 ప్రకారం రికార్డులోని నమోదు వల్ల నష్టపోయినవారు సివిల్ కోర్టులో హక్కు ప్రకటన కోరవచ్చు, ఆ డిక్రీకి అనుగుణంగా రికార్డును సవరించాల్సిందే. అక్కడ హాజరు తప్పకండి, కాని ప్రాణం పెట్టాల్సిన చోటు సివిల్ కోర్టే.

విశ్రాంత కోర్టు ఉద్యోగి, కడప

పై న్యాయవాది గారు చెప్పిన చట్టంతో నాకు విభేదం లేదు. కోర్టు సిబ్బందిలో ఒకడిగా చాలా ఏళ్లు రికార్డులు చూసినవాడిని కనుక ఆచరణ గురించి చెబుతాను.

కలపడం అంటే మూడు దావాలు ఒకటైపోవడం కాదు. ప్రతి దావాకూ దాని ఓ.ఎస్. (అసలు దావా) నంబరు, దాని వివాదాంశాలు, చివరికి దాని డిక్రీ విడిగానే ఉంటాయి. ఒక దావాను ప్రధాన దావాగా ఎంచుకుని సాక్ష్యమంతా అందులో రికార్డు చేస్తారు, ఆ సాక్ష్యాన్నే మిగిలిన వాటిలోనూ చదువుకుంటామని ఉత్తర్వులో రాస్తారు. తీర్పు ఉమ్మడిగా ఒకటే రావచ్చు. అందువల్ల మీ అమ్మగారి వాటా విషయం వెనుకబడుతుందన్న భయం అక్కరలేదు, అయితే ఒక షరతు మీద: ప్రధాన దావాగా భాగపంపిణీ దావానే తీసుకోవాలని ఐ.ఏ.లోనే అడగండి. ఎవరెవరికి ఎంత వాటా అన్నది తేలేది అందులోనే. అలా అడగకపోతే ముందు వేసిన నంబరును ప్రధానంగా పెట్టే అవకాశం ఉంది, అప్పుడు చీనీతోట వారు వాదులుగా ముందు సాక్ష్యం చెబుతారు, మీ అమ్మగారు పీ.డబ్ల్యూ.1 (వాది తరఫు మొదటి సాక్షి) కాకుండా ప్రతివాది సాక్షిగా మిగిలిపోతారు.

రెండో సంగతి సమయం. ఒక దావాలో సాక్షుల చీఫ్ (సొంత పక్షం వాంగ్మూలం), క్రాస్ పూర్తయి మరొక దావాలో వివాదాంశాలు కూడా రూపొందని స్థితిలో కలపమని అడిగితే, ముందుకు వెళ్లిన దావాను వెనక్కి లాగినట్టవుతుంది, కోర్టు కూడా సుముఖంగా ఉండదు. వివాదాంశాలు రూపొందే సమయానికే అడగడం మేలు. ట్రాన్స్‌ఫర్ ఓ.పీ.లో నోటీసులు అందడానికి, కౌంటరు పడటానికి కొంత కాలం పడుతుంది. ఆ లోగా జూనియర్ కోర్టులో మీవైపు నుంచి జవాబు దావా దాఖలు చేయకుండా ఊరుకుంటే ఎక్స్‌పార్టీ (మీ వాదన వినకుండానే విచారణ) అయిపోయే ప్రమాదం ఉంది. మార్చమని అడిగినంత మాత్రాన అక్కడి గడువులు ఆగవు.

కలిపితే తప్పక వేగం వస్తుందని కూడా అనుకోవద్దు. పక్షాలు పెరుగుతాయి, ఒక సాక్షిని ముగ్గురు వకీళ్లు క్రాస్ చేస్తారు, పక్షాల్లో ఎవరైనా చనిపోతే 90 రోజుల్లో వారసులను రికార్డు మీదికి తేవాలి, ఒక దావాలో వచ్చిన ఆటంకం మూడింటినీ ఆపుతుంది. అయినా మీ విషయంలో కలపడమే మంచిదంటాను, ఎందుకంటే విడిగా నడిపి రెండు విరుద్ధమైన డిక్రీలు తెచ్చుకుంటే అప్పీళ్లలో పోయే ఏళ్లు ఇంతకన్నా ఎక్కువ.

ఆ వృద్ధుడి సాక్ష్యం కోసం కలిపే ఉత్తర్వు వచ్చేదాకా ఆగకండి. అనారోగ్యం, వయోభారం ఉన్నవారి వాంగ్మూలాన్ని ఆర్డర్ 26 కింద అడ్వొకేట్ కమిషనర్‌ను నియమించి వారి ఇంటివద్దే తీసుకోవచ్చు. భాగపంపిణీ దావాలో ఆ పిటిషన్ వేసి, మిగిలిన దావాల పక్షాలకు కూడా నోటీసు ఇప్పించి, వారికి క్రాస్ చేసే అవకాశం కల్పిస్తే ఆ వాంగ్మూలానికి రేపు అభ్యంతరం ఉండదు. ఆయన ఏ పక్షం వైపు మాట్లాడినా సరే, సత్యం తెలిసిన మనిషి మాట రికార్డులోకి ఎక్కాలి.

పెన్నగట్టు, అనంతపురం

ఇద్దరికీ కృతజ్ఞతలు. ఇంజంక్షన్ దావాలో జవాబు దావా వేశాము, ఇంకా వివాదాంశాలు రూపొందలేదు. భాగపంపిణీ దావాలోనూ అంతే. నాకు మిగిలిన సందేహం మూడో దావా గురించి. అగ్రిమెంటు దావాలో అమ్మ పక్షమే కాదు. ఆ దావాలో ప్రతివాదిగా చేరతామని పిటిషన్ వేయమని ఒకరు సలహా ఇచ్చారు. పెద్దమామ అక్కడ ఏమీ ప్రతిఘటించకుండా డిక్రీ పోనిస్తే అమ్మ పరిస్థితి ఏమిటి?

కొండారెడ్డి బురుజు, కర్నూలు

చేరాలన్న ఆలోచన సహజమే గాని అది కష్టమైన దారి. అగ్రిమెంటు అమలు కోరే దావాలో ఒప్పందానికి బయట ఉండి స్వతంత్రమైన హక్కు చెప్పేవారు అవసరమైన పక్షాలు కారని, వారిని చేర్చుకుంటే అది టైటిల్ దావాగా మారిపోతుందని 2005లో కస్తూరి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మీ పిటిషన్‌కు ఎదురుగా మొదట చూపేది ఆ తీర్పునే.

దానికంటే సులువైన పని తిరగవేసి చేయండి. అగ్రిమెంటు దారును, చీనీతోట వారిని ఇద్దరినీ భాగపంపిణీ దావాలో ప్రతివాదులుగా చేర్చండి. ఇదివరకే చేర్చి ఉంటే సరే, లేకపోతే ఆర్డర్ 1 రూల్ 10 కింద ఇప్పుడే అడగండి. అప్పుడు పంపకం మీద వచ్చే తీర్పు వారిద్దరినీ కట్టడి చేస్తుంది. మీ అమ్మగారు పక్షం కాని దావాలో వచ్చిన డిక్రీ ఆమె వాటాను హరించలేదు. భాగపంపిణీ దావా పెండింగులో ఉండగా మీ పెద్దమామ రిజిస్టరు చేసినా, కోర్టే ఆయన తరఫున రిజిస్టరు చేయించినా, ఆస్తి బదలాయింపు చట్టం సెక్షన్ 52 ప్రకారం అది భాగపంపిణీ దావా ఫలితానికి లోబడే ఉంటుంది. ఇంకెవరికీ అమ్మకుండా ఆర్డర్ 39 కింద తాత్కాలిక ఉత్తర్వు కూడా కోరండి.

కొన్నవారిని పక్షాలుగా చేర్చడం వల్ల వారికీ మేలు ఉందని వారి వకీలుకు చెప్పి చూడండి. తుది డిక్రీలో భూమిని కొలిచి పంచేటప్పుడు, వీలైనంతవరకు అమ్మిన భాగాన్ని అమ్మిన వ్యక్తి వాటాలోనే పడేలా చూడటం కోర్టులు పాటించే ధర్మం. బోరు వేసి చీనీ పెట్టిన మూడున్నర ఎకరాలు పెద్దమామ వాటాకు కేటాయింపయ్యే అవకాశం మేరకు వారి తోట మిగులుతుంది. నలుగురికీ సమాన వాటాలైతే పదకొండు ఎకరాల్లో ఒక్కొక్కరికి వచ్చేది 2 ఎకరాల 75 సెంట్లు. మిగిలిన 75 సెంట్ల గురించి, అగ్రిమెంటులోని రెండెకరాల గురించి వారు తేల్చుకోవలసింది మీ పెద్దమామతోనే, మీ అమ్మగారితో కాదు. ఈ లెక్క ముందే కాగితం మీద చూస్తే రాజీకి దారి తెరుచుకోవచ్చు.

హగరి ఒడ్డు, ఆదోని

ఈ చర్చకు దగ్గరి ప్రశ్న ఒకటి. మా కుటుంబ భూమి కొంత ఆదోని వైపు, కొంత బళ్లారి జిల్లాలో ఉంది. మా అన్న అక్కడి కోర్టులో, నేను ఇక్కడ దావా వేశాము. ఇక్కడి జిల్లా జడ్జి వాటిని కలపగలరా?

విశ్రాంత కోర్టు ఉద్యోగి, కడప

కలపలేరండి. సెక్షన్ 24 కింద జిల్లా జడ్జికి తన కింది కోర్టుల మీద, హైకోర్టుకు తన రాష్ట్రంలోని కోర్టుల మీద మాత్రమే అధికారం. ఒక రాష్ట్రం నుంచి మరో రాష్ట్రానికి దావా మార్చాలంటే సెక్షన్ 25 కింద సుప్రీంకోర్టుకే వెళ్లాలి. పైన ప్రస్తావించిన చిట్టివలస కేసు అలాంటిదే: ఒక దావా మన రాష్ట్రంలో, మరొకటి మధ్యప్రదేశ్‌లోని రీవాలో ఉండగా రెండింటినీ ఒకచోట విచారించమన్నారు. అది సంచుల సరఫరా వ్యాపారానికి సంబంధించిన తగాదా, మీది స్థిరాస్తి. రెండు ప్రాంతాల భూమికీ కలిపి ఏదో ఒకచోట దావా వేసే వీలు సెక్షన్ 17 ఇస్తుంది కనుక, మీ రెండు దావాల్లో ఏది మొత్తం ఆస్తిని చూపిందో ముందు సరిచూసుకోండి.

పెన్నేటి ఆడపడుచు, ప్రొద్దుటూరు

తమ్ముడూ, మీ అమ్మగారిలాగే నేనూ పుట్టింటి ఆస్తిలో వాటా కోసం దావా నడిపినదాన్ని. మా మీద ఉన్న దావాలను కూడా కలిపే విచారించారు, ఉమ్మడి తీర్పు వచ్చింది. మీరు ముందే తెలుసుకోవలసినది ఆ తరువాత జరిగేది.

ఉమ్మడి తీర్పు ఒకటే అయినా డిక్రీలు విడివిడిగా ఉంటాయని పైన పెద్దాయన చెప్పారు. మీకు వ్యతిరేకంగా ఎన్ని డిక్రీలు వస్తే అన్నింటి మీదా విడిగా అప్పీలు వేయాలి. మా వ్యాజ్యంలో ఎదుటి పక్షం ఒక్క డిక్రీ మీదే అప్పీలు వేసి రెండోదాన్ని వదిలేసింది. వదిలేసిన డిక్రీలోని నిర్ణయం అంతిమమైపోయి, వారు వేసిన అప్పీలుకే అడ్డం వచ్చింది. ఒకసారి తేలిన విషయాన్ని మళ్లీ విచారించరాదనే సెక్షన్ 11 కింద ఇలాంటి ఫలితం వస్తుందని సుప్రీంకోర్టు 1966లోనే షియోదాన్ సింగ్ కేసులో చెప్పిందని మా వకీలు గారు చూపించారు. అది నాకు కలిసివచ్చింది గాని, అదే పరిస్థితి మనవైపు వస్తే వాటా పోతుంది. ఒకే తీర్పు కదా, ఒకే అప్పీలు చాలు అని ఎవరు చెప్పినా ఒప్పుకోకండి. ప్రతి దావా డిక్రీ నకలుకూ విడిగా కాపీ అప్లికేషన్ పెట్టండి.

రెండోది, ప్రాథమిక డిక్రీ రాగానే గెలిచామనుకుని ఇంట్లో కూర్చునేవాళ్లను చాలామందిని చూశాను. ఆ డిక్రీ వాటా ఎంతో చెబుతుందే గాని భూమి చేతికి ఇవ్వదు. శిస్తు కట్టే సాగు భూమిని విడగొట్టే పని సెక్షన్ 54 ప్రకారం కలెక్టరుకు వెళుతుంది, ఇళ్లు, స్థలాలైతే కమిషనర్ వచ్చి కొలుస్తారు, ఆ పైనే తుది డిక్రీ. ప్రాథమిక డిక్రీ తరువాత ఎవరూ మళ్లీ పిటిషన్ వేసేదాకా ఆగకుండా కోర్టే తుది డిక్రీ కోసం దావాను వాయిదాకు పెట్టాలని 2022లో సుప్రీంకోర్టు దేశంలోని విచారణ కోర్టులకు చెప్పింది. అయినా మీ వకీలు ఒక మెమో వేసి ఆ సంగతి గుర్తుచేయడంలో తప్పు లేదు.

ఇంకో మాట. మూడు దావాలూ ఒక న్యాయమూర్తి ఎదుటికి వచ్చిన రోజున లోక్ అదాలత్‌కు పంపమని అడగండి. విడివిడిగా ఉన్నప్పుడు రాజీ కుదరదు, ఎందుకంటే ఒకరితో ఒప్పుకున్నది మరొకరు చెడగొడతారు. అందరూ ఒకే గదిలో ఉంటే చీనీతోట వారికి ఎంత, అగ్రిమెంటు వారికి బయానా వాపసు ఎంత, అక్కచెల్లెళ్లకు ఏ సర్వే నంబరులో ఏ చెక్కు అన్నది ఒక్క కాగితం మీద రాసుకోవచ్చు. అక్కడి అవార్డు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు ఉండదు, కట్టిన కోర్టు ఫీజు కూడా వెనక్కి వస్తుంది. అయితే అమ్మగారిని సంతకం పెట్టమని బంధువులు తొందరపెడతారు. నీళ్లు ఎక్కని గట్టు భూమి ఆమెకు, బోరున్న భూమి అన్నలకు రాసిన రాజీలు నేను చూశాను. ఆమె స్వయంగా చేను చూసి, హద్దులు, బోరులో వాటా, బండిదారి అన్నీ రాయించుకున్న తరువాతే సంతకం చేయాలి.

పెన్నగట్టు, అనంతపురం

అక్కా, మీ మాటలు అమ్మకు చదివి వినిపించాను. బోరు, బండిదారి సంగతి ఇంతవరకు మేము ఆలోచించనే లేదు. భాగపంపిణీ దావాలో చీనీతోట వారు ఇదివరకే ప్రతివాదులుగా ఉన్నారు, అగ్రిమెంటు దారు లేరు. ఆయనను చేర్చే పిటిషన్, వృద్ధుడి వాంగ్మూలం కోసం కమిషనర్ పిటిషన్ రెండూ వచ్చే వాయిదాకు ముందే వేయమని మా వకీలు గారిని కోరాము. ట్రాన్స్‌ఫర్ ఓ.పీ. అఫిడవిట్‌లో భాగపంపిణీ దావానే ప్రధానంగా తీసుకోవాలన్న కోరికను ఇప్పుడే రాయాలా, లేక దావాలు ఒకచోట చేరాక ఐ.ఏ.లో రాస్తే చాలునా?

విశ్రాంత కోర్టు ఉద్యోగి, కడప

రెండుచోట్లా రాయించండి. జిల్లా జడ్జి గారు దావాను మార్చే ఉత్తర్వులో ఆ మాట పెట్టకపోవచ్చు, ఏ దావా ప్రధానమో నిర్ణయించేది విచారణ కోర్టే. కాని మొదటినుంచి మీరు అదే కోరుతున్నారని రికార్డులో ఉంటే ఐ.ఏ. మీద వాదించడం తేలిక. ట్రాన్స్‌ఫర్ ఓ.పీ.కి మూడు దావాల దావాపత్రాలు, జవాబు దావాలు, ఇంజంక్షన్ ఉత్తర్వు ఉంటే దాని నకలు జతచేయండి. మూడింటిలోనూ ఒకే సర్వే నంబర్లు ఉన్నాయని చూపే చిన్న పట్టిక ఒకటి అఫిడవిట్ వెనుక పెట్టించండి, ఆస్తి ఒకటేనని జడ్జి గారికి మొదటి పేజీలోనే అర్థమవుతుంది.